వార్‌క్రైలో సయాన్స్ ఆఫ్ ది ఫ్లేమ్: ఆడినవాళ్ళు, రంగులేసినవాళ్ళు మీ అనుభవాలు చెప్పండి

కొలిమి_కుర్రాడు (హైదరాబాద్)

అందరికీ నమస్కారం. నాలుగు నెలల క్రితం ఒక మిత్రుడి దగ్గర సయాన్స్ ఆఫ్ ది ఫ్లేమ్ సెకండ్ హ్యాండ్‌లో కొన్నాను. చిన్న బొమ్మలతో బోర్డు మీద ఆడే యుద్ధం ఆట వార్‌క్రైలో నా మొదటి వార్‌బ్యాండ్ (దళం) ఇదే. మంటనే దైవంగా కొలిచే మనుషులు, నిప్పులో దిగి బతికి బయటపడితేనే పవిత్రులైనట్టు వాళ్ళ లెక్క. ఆ కథ చదివాక ఇంకో దళం మీదికి మనసు పోలేదు.

ఇప్పటికి ఐదు ఆటలు ఆడాను, నాలుగు ఓడాను. ఓడినందుకు బాధ లేదు. ప్రతిసారీ ఒకేలా ఓడుతున్నానన్నదే బాధ. మొదటి రౌండ్‌లో అందరినీ ముందుకు తోస్తాను. రెండో రౌండ్‌లో అవతల ఒకరిద్దరిని పడగొడతాను. మూడో రౌండ్ అయ్యేసరికి బోర్డు మీద నావాళ్ళు ముగ్గురే ఉంటారు. నాతో ఆడే అన్నయ్యది ఐరన్ గోలెం దళం, ఒళ్ళంతా ఇనుమే.

ఇంకో సంగతి. మంటలకు పసుపు, నారింజ, ఎరుపు మూడూ వేశాను. అయినా మంటలా లేదు, రంగు పూసిన ప్లాస్టిక్‌లాగే ఉంది. ఎక్కడ తప్పు చేస్తున్నాను?

పాచికల_పెద్దన్న (విజయవాడ)

తమ్ముడూ, ముందు లెక్క చూడు. నీ దాడి స్ట్రెంత్ (బలం) ఎదుటివాడి టఫ్‌నెస్ (గట్టిదనం) కంటే ఎక్కువైతే 3 నుంచి పైన పడితే తగులుతుంది, సమానమైతే 4 నుంచి, తక్కువైతే 5 నుంచి. 6 పడితే ఎప్పుడైనా క్రిటికల్ (మామూలు కంటే పెద్ద దెబ్బ). అంటే నాలుగు డైస్ దాడిలో సమానబలం వాడి మీద సగటున రెండు తగులుతాయి, గట్టివాడి మీద ఒకటీ మూడో వంతు. నీ ఇనీషియేట్లు (దళంలోని మామూలు సైనికులు) వెళ్ళి ఐరన్ గోలెంను ఢీకొడితే జరిగేది అదే. పైగా అవతలివాడు తిరిగి కొట్టే దెబ్బకు మనవాళ్ళు నిలబడరు.

గట్టివాడి మీద మన ఆశంతా క్రిటికల్ మీదే. నాలుగు డైస్ వేస్తే కనీసం ఒక 6 పడే అవకాశం నూటికి 52. ఐదు వేస్తే 60. అందుకే డబుల్ (ఒకే అంకె పడిన రెండు డైస్) ఖర్చు పెట్టి, దాడికి ఒక డైస్ కలిపే ఆన్‌స్లాట్ వాడితే ఆ ఒక్క డైస్‌కీ విలువుంటుంది. నేనైతే దాన్ని ఫైర్‌బోర్న్ అనే బలమైన యోధుడికో, మన లీడర్ బ్లేజింగ్ లార్డ్‌కో తప్ప వేరేవాళ్ళకు వాడను. ఇనీషియేట్లకు వాడితే డబుల్ వృథా అయినట్టే.

ఇంకో మాట. నువ్వు వైల్డ్ డైస్ (రౌండుకొకటి దొరికే, ఏ అంకెగానైనా వాడుకునే అదనపు డైస్) ఏ రౌండ్‌ది ఆ రౌండ్‌లోనే ఖర్చు పెట్టేస్తున్నావనుకుంటాను. దాచుకోవచ్చు. మొదటి రౌండ్‌లో ఎవరూ ఎవరికీ దెబ్బ దూరంలో ఉండరు, అప్పుడు దానితో పనేముంది? రెండో రౌండ్‌కి రెండు చేతిలో ఉంటే ఒక డబుల్‌ని క్వాడ్ (ఒకే అంకె నాలుగు) చేసుకోవచ్చు. ఆ క్వాడ్ ఖర్చు పెడితే బ్లేజింగ్ లార్డ్ ర్యాంపేజ్‌తో ఉచితంగా ఒకసారి కదిలి ఒకసారి కొట్టి, ఆ తర్వాత తన మామూలు రెండు యాక్షన్లూ వాడుకుంటాడు. నేను గెలిచిన ఆటల్లో సగం ఆ ఒక్క క్షణం వల్లే గెలిచాను.

కొలిమి_కుర్రాడు

వైల్డ్ డైస్ దాచుకోవచ్చని తెలుసు అన్నా, కానీ ఇనీషియేటివ్ (ముందు ఆడే వంతు) పోతుందేమోనన్న టెన్షన్‌లో సింగిల్స్‌లో (జత పడని డైస్‌లో) కలిపేస్తున్నాను. నావాళ్ళు పలచన కదా, ముందు మనమే కొట్టాలి కదా?

ట్రెంట్_ఒడ్డున (నాటింగ్‌హామ్)

తమ్ముడూ, ఆ ‘ముందు మనమే కొట్టాలి’ అన్న ఆలోచన దగ్గరే ఆగి చూడు. నేను ఇదే దళానికి ఎదురుగా చాలాసార్లు ఆడాను, ఫైర్‌స్లేయర్స్‌తో. వాళ్ళూ నిప్పు మనుషులే కానీ తీరు వేరు. డ్యుఆర్డిన్ అనే పొట్టి జాతి యోధులు. గ్రిమ్నిర్ అనే వాళ్ళ దేవుడు వల్కాట్రిక్స్ అనే మహా అగ్నిబల్లితో (సాలమాండర్‌తో) పోరాడి, ఇద్దరూ ముక్కలైపోయారు. ఆ దేవుడి శక్తి ఉర్-గోల్డ్ అనే బంగారంలో మిగిలిందని నమ్మి, దాన్ని రూన్లుగా (మంత్రాక్షరాలుగా) చేసి ఒంట్లోకి కొట్టించుకుంటారు. కవచం లేకపోయినా మొండి శరీరాలు. నడక నెమ్మది. కాబట్టి నేను చేసేది ఒక్కటే: మధ్యలో నిలబడి ఎదుటివాళ్ళు రావడం కోసం చూస్తాను. సయాన్స్ ఆడే కొత్తవాళ్ళు వస్తారు కూడా, ఒకరి వెనక ఒకరు. అలా వస్తే నాకు పని సులువైపోతుంది.

నన్ను ఓడించినవాళ్ళు ఒక్కరే ఉన్నారు. ఇక్కడి వార్‌హామర్ వరల్డ్ అనే ఆట కేంద్రంలో శనివారాలు ఆడతారు, పెద్దాయన. ఆయన మొదటి రౌండ్‌లో ఇనీషియేట్లలో సగం మందితో వెయిట్ యాక్షన్ తీసుకున్నారు. నేను నా మనుషులందర్నీ కదిపేశాక, వాళ్ళను ఒక్కొక్కర్నీ మళ్ళీ యాక్టివేట్ చేసి ఆబ్జెక్టివ్‌ల (పట్టుకోవాల్సిన గుర్తుల) పక్కకు తీసుకెళ్ళారు. వెయిట్ తీసుకుంటే తర్వాత మిగిలేది ఒక్క యాక్షనే, అయినా చాలు. ఎవరు ఎక్కడున్నారో చూశాక వేసిన అడుగు కదా అది. ఆ ఆటలో ఆయన నావాళ్ళలో ఇద్దర్నే పడగొట్టారు, అయినా గెలిచారు. విక్టరీ కార్డు (ఎలా గెలవాలో చెప్పే కార్డు) అడిగింది ఆబ్జెక్టివ్‌లు, ప్రాణాలు కాదు.

పాచికల_పెద్దన్న

అక్కా, మీరు చెప్పింది నిజమే, కానీ అన్ని కార్డులకూ అది పనికిరాదు. ఎదుటి లీడర్‌ను చంపాలన్న కార్డు వస్తే వెయిట్ చేస్తూ కూర్చుంటే ఆట అయిపోతుంది. ఈ దళం దూకే దళమే. ఎప్పుడు దూకాలన్నదే ప్రశ్న. నేను రెండో రౌండ్‌లోనే దూకమంటాను, ఆ మాట మీదే ఉంటాను.

ట్రెంట్_ఒడ్డున

లీడర్‌ను చంపే కార్డు అయితే ఒప్పుకుంటాను. మిగతావాటికి మూడో రౌండ్ దాకా ఆగమనే చెబుతాను.

తమ్ముడూ, దళాన్ని షీల్డ్, డాగర్, హ్యామర్ అనే మూడు గుంపులుగా ఎలా పంచుతున్నావు? ప్రతి గుంపులో కనీసం ఒకరుండాలి కదా, ఆ ఒక్కరిని నిర్లక్ష్యంగా పెట్టకు. ఎవరు ఎక్కడ, ఎప్పుడు దిగాలో చెప్పే డిప్లాయ్‌మెంట్ కార్డును బట్టి ఏదో ఒక గుంపు రెండో రౌండ్‌లోనో మూడో రౌండ్‌లోనో వస్తుంది. బ్లేజింగ్ లార్డ్, ఫైర్‌బోర్న్ ఇద్దరూ ఒకే గుంపులో ఉండి, ఆ గుంపే ఆలస్యమైతే ముందున్న ఇనీషియేట్లు అనాథలవుతారు. ఇద్దరినీ విడదీయి.

కొలిమి_కుర్రాడు

ఇద్దరూ హ్యామర్‌లోనే ఉన్నారక్కా. పేరు చూసి బలమైనవాళ్ళంతా అందులో ఉండాలనుకున్నాను.

మసిబొగ్గు (విశాఖపట్నం)

ఆట గురించి పెద్దవాళ్ళు చెప్పారు, నేను రంగుల సంగతి చెబుతాను. ఆరేళ్ళుగా మినీలకు (ఈ చిన్న బొమ్మలకు) రంగులేస్తున్నాను, మంట అంటే ప్రాణం.

మీ తప్పు రంగుల్లో లేదండీ, వరసలో ఉంది. మినీలకు రంగు వేయడం నేర్చుకున్నప్పుడు మనకు ఏం నేర్పుతారు? పల్లంలో ముదురు, మిట్టల మీద లేత. బట్టకు, ఇనుముకు, చర్మానికి అది సరే. మంట తానే వెలుగు, దాని మీద వెలుగు పడదు. అందుకే అక్కడ అంతా తిరగబడుతుంది. మొదలు దగ్గర, మడతల లోపల తెలుపు, లేత పసుపు. పైకి వెళ్ళేకొద్దీ నారింజ. నాలుకల అంచుల్లో ఎరుపు. చిట్టచివర నలుపు, అంటే మసి. మీరు పల్లంలో ఎరుపు పోసి, కొసల మీద పసుపు డ్రైబ్రష్ (దాదాపు ఆరిన బ్రష్‌తో పైపైన రుద్దడం) చేసి ఉంటారు. అందుకే ప్లాస్టిక్‌లా ఉంది.

నాకు ఇది వీడియోల్లో అర్థం కాలేదు. ఒక భోగి తెల్లవారుజామున మా వీధిలో మంట వేస్తే పక్కనే కూర్చుని చూశాను. దుంగను ఆనుకుని ఉన్నచోట కళ్ళు చెదిరే తెల్లని పసుపు. మూరెడు పైకి వచ్చేసరికి నారింజ. ఇంకా పైన ఎర్రగా చీలి, పొగలో కలిసిపోతోంది. ఇంటికొచ్చి అదే రోజు నా ఇన్ఫెర్నో ప్రీస్ట్ బొమ్మ మంటను తుడిచేసి మళ్ళీ వేశాను. ఈ సంక్రాంతికి మీరూ చూడండి, ఫొటో తీసుకోండి.

నేను వేసే పద్ధతి ఇది. మంట భాగమంతా ముందు తెలుపు. నల్ల ప్రైమర్ (తొలి పూత) మీద పసుపు ఎన్ని పూతలేసినా ఆకుపచ్చ ఛాయలోనే ఉంటుంది, కాబట్టి తెలుపు తప్పనిసరి. దాని మీద పసుపును నీళ్ళలా పలచగా చేసి అంతటా పారించాలి, అది పల్లాల్లో చేరుతుంది. ఆరాక నారింజతో పైసగం డ్రైబ్రష్, తర్వాత ఎరుపుతో కొసలు మాత్రమే, చివరికి నలుపు చాలా కొంచెం. ఆఖర్న చిన్న బ్రష్‌తో లోపలి మడతల్లో మళ్ళీ ఒకసారి తెలుపు. ఆ చివరి తెలుపుతోనే మంట వెలుగుతుంది.

ఆ వెలుగు మనిషి మీద కూడా పడాలి. చేతిలో మంట ఉంటే, ఆ వైపు చెంప, మోచేయి, కత్తి అంచు పలచని నారింజ. అవతలివైపు ఏమీ వద్దు. ముందు ఆ వైపు నీడలు బాగా ముదురుగా వేసుకోండి. చుట్టూ చీకటి లేకపోతే వెలుగు కనిపించదు.

కొలిమి_కుర్రాడు

సరిగ్గా మీరు చెప్పిందే చేశానండీ, కొసల మీద పసుపు! ఈ రాత్రే ఒక ఇనీషియేట్‌ను తెల్లగా కొట్టి మొదలుపెడతాను.

గోదారి_గట్టు (రాజమండ్రి)

తెల్ల స్ప్రే ప్రైమర్ అయితే ఈ వానల్లో వద్దు తమ్ముడూ. గాలిలో తేమ ఉంటే బొమ్మ మీద ఇసుక చల్లినట్టు బరకగా వస్తుంది. నాకు మూడు బొమ్మలు అలాగే పోయాయి. బ్రష్‌తో వేసే ప్రైమర్ పలచగా రెండు పూతలు వేయి. ఎండాకాలంలో ఇది తిరగబడుతుంది, రంగు ప్లేటులోనే ఎండిపోతుంది. మూతున్న ప్లాస్టిక్ డబ్బాలో తడి స్పాంజి, దాని మీద బేకింగ్ పేపర్ పరిచి రంగు కలుపుకుంటే రెండు రోజులైనా తడిగా ఉంటుంది.

కొలిమి_కుర్రాడు

పది రోజుల తర్వాత వస్తున్నాను. నిన్న ఆదివారం మా డైనింగ్ టేబుల్ మీద మళ్ళీ ఐరన్ గోలెంతోనే ఆడాను. ఈ ఆట బోర్డు 30 అంగుళాల పొడవు, 22 అంగుళాల వెడల్పే కాబట్టి అమ్మ పెద్దగా కోప్పడదు.

లార్డ్‌ను డాగర్‌లో, ఫైర్‌బోర్న్‌ను హ్యామర్‌లో పెట్టాను. మొదటి రౌండ్‌లో వైల్డ్ డైస్ ముట్టుకోలేదు. ఇనీషియేటివ్ పోయింది, అయినా ఏమీ కాలేదు. ముగ్గురు ఇనీషియేట్లతో వెయిట్ తీసుకున్నాను. అన్నయ్య ఇనుప మనుషులు మధ్యలోకి నడుచుకుంటూ వచ్చారు, నేను రెండు పక్కలా ఆబ్జెక్టివ్‌లు పట్టుకున్నాను. రెండో రౌండ్‌లో నాకు డబుల్ ఐదులు పడ్డాయి, రెండు వైల్డ్ డైస్‌తో క్వాడ్ అయింది. పెద్దన్న మాట విని లార్డ్‌ను దూకించాను. రెండు క్రిటికల్స్ పడి అన్నయ్య లీడర్ పడిపోయాడు. తర్వాతి రౌండ్‌లో లార్డ్ కూడా పోయాడు, కానీ నాలుగో రౌండ్ చివర్లో ఆబ్జెక్టివ్‌లు మూడింట్లో రెండు నావే.

కొత్తగా రంగేసిన ఇనీషియేట్‌ను చూసి అన్నయ్య ఆటకు ముందే చేతిలోకి తీసుకుని లైటు కింద తిప్పి తిప్పి చూశాడు. మసిబొగ్గు గారూ, ఒక్క సందేహం. బ్లేజింగ్ లార్డ్‌కు రెండు వైపులా మంట ఉంటే వెలుగు ఎటు వేయాలి?

మసిబొగ్గు

ఏ మంట ముఖానికి దగ్గరో దాన్నే పెద్ద దీపం అనుకోండి. రెండోదాని వెలుగు ఆ చేతి వరకే ఆపేయండి. వేశాక రెండు వైపుల నుంచీ ఫొటోలు పెట్టండి, చూసి చెబుతాను.