'సహాయ నటి' అని ఎవరిని అనాలి?
పైన ఒకరు "ఫ్రెంచ్ సహాయ నటి దొమినిక్ బ్లాఁ" అని రాస్తే, 'సహాయ నటి' కంటే 'క్యారెక్టర్ ఆర్టిస్ట్' నయం కదా అని ఇంకొకరు అడిగారు. నాకైతే మాటతో పెద్ద పేచీ లేదు, దాన్ని తీసుకెళ్లి ఎక్కడ తగిలిస్తున్నామన్నదే ఇబ్బంది.

ఫ్రాన్స్‌లో సినిమాలకి ఇచ్చే సెజార్ అవార్డుల్లో ఈ విభాగం పేరు విడదీస్తే 'సెగోఁ రోల్‌లో ఉత్తమ నటి' అని వస్తుంది. సెగోఁ అంటే రెండో. అంటే రెండోది పాత్రే, మనిషి కాదు. మనం 'ఉత్తమ సహాయ నటి' అనేసరికి ఆ విశేషణం పాత్రను వదిలి మనిషికి అతుక్కుంటుంది, ఇక ఎన్ని వేషాలు వేసినా ఆవిడ సహాయ నటే!

బ్లాఁ సంగతే చూడండి. 1956లో లియోఁలో పుట్టి, నాటకాల్లోంచి వచ్చిన మనిషి, 1981లో దర్శకుడు పాత్రిస్ షెరో ఆడించిన 'పేర్ గింట్' నాటకంలో వేషం కట్టారు. సెజార్లు నాలుగొచ్చాయి. 1991, 1993, 1999లో వచ్చినవి రెండో పాత్రలకే, 1993లోదైతే కాత్రిన్ దెనవ్ నాయికగా చేసిన 'ఇండోషీన్' సినిమాకి. కానీ 2001లో వచ్చింది ప్రధాన పాత్రకి: ఓర్లీ ఎయిర్‌పోర్ట్‌లో భర్త వదిలేసి వెళ్లిపోతే అక్కడే ఉండిపోయే ఆడమనిషి కథ అది. 2008లో వెనిస్ చిత్రోత్సవంలోనూ ఉత్తమ నటి ఆవిడే. 2016లో ఫ్రాన్స్ జాతీయ నాటకసంస్థ కొమెదీ ఫ్రాన్సేజ్‌లో చేరారు. ఇవన్నీ చెప్పి ముందు 'సహాయ నటి' అని తగిలిస్తే ఎలా ఉంటుంది?

టీవీలో కూడా అంతే. 1996లో, ఫ్రాన్స్ రాజు పద్నాలుగో లూయీ రహస్యంగా పెళ్లాడిన మదాం ద మాంతెనోఁగా వేశారు, కథంతా ఆవిడ చుట్టూనే తిరుగుతుంది. 2011లో ఫ్రెంచ్ రచయిత ప్రూస్త్ నవలని టీవీకి తీసినప్పుడు మదాం వెర్ద్యురాఁ అనే పాత్ర వేశారు. నవలలో ఆ మదాం ఒకసారి మరీ గట్టిగా నవ్వి దవడ జారిపోయిందని, అప్పట్నుంచి నిజంగా నవ్వడం మానేసి, ముఖం చేతుల్లో దాచుకుని నవ్వు ఆపుకోలేనట్టు నటిస్తుంది. నటించే మనిషిని నటించి చూపించాలి! కథలో నాయిక కాదు నిజమే, అయినా ఆ వేషం ఎవరికి సహాయం?

ఫ్రెంచివాళ్లకీ చిన్నచూపు మాటలు లేకపోలేదు. చిన్న వేషాల వాళ్లని 'సెగోఁ కూతో', అంటే రెండో కత్తి, అంటారు. ఏదో అవసరానికి పనికొచ్చే వేషాలు వేయడాన్ని 'యూతిలితే'లు ఆడటం అంటారు, మన 'సహాయ'కి దగ్గర చుట్టమే అనిపిస్తుంది.

కాబట్టి అవార్డు గురించి రాసేటప్పుడు 'సహాయ పాత్రలో ఉత్తమ నటి' అనండి, మనిషి గురించి రాసేటప్పుడు వట్టి 'నటి' చాలు. 'క్యారెక్టర్ ఆర్టిస్ట్'కి తెలుగులో 'గుణచిత్ర నటి' అని సూచించినవాళ్లకి: మాట బాగుంది, సూర్యకాంతంగారి లాంటివాళ్లకి చక్కగా నప్పుతుంది కూడా, కాకపోతే అవార్డు విభాగానికి అది కుదరదు. గుణచిత్ర నటి ప్రధాన పాత్ర వేస్తే ఏ విభాగంలో పెడతారు మరి?