అప్‌డేట్: పర్లాకిమిడి షాపు కంప్యూటర్‌లో ‘లిబ్‌ఈఏవై32.డీఎల్‌ఎల్’ దొరికింది

అందరికీ నమస్కారం. మా బావగారి ఎరువుల షాపులో బిల్లింగ్ సాఫ్ట్‌వేర్ తెరవబోతే ఈ డీఎల్‌ఎల్ ఫైల్ (ప్రోగ్రామ్ నడవడానికి కావాల్సిన సహాయక ఫైల్) లేదని చెప్పి మూసుకుపోతోందని అడిగాను కదా, ఇప్పుడు బాగా నడుస్తోంది.

విండోస్‌లోనే ఉండే ఎస్‌ఎఫ్‌సీ స్కాన్ నడిపితే లోపమేమీ లేదంది. అది విండోస్ సొంత ఫైళ్లనే సరిచేస్తుంది. ఇదేమో ఓపెన్‌ఎస్‌ఎస్‌ఎల్ వాళ్ల ఎన్‌క్రిప్షన్ (సమాచారాన్ని రహస్య సంకేతాలుగా మార్చే) లైబ్రరీ, బిల్లింగ్ సాఫ్ట్‌వేర్‌తో పాటు వచ్చింది. ఇక్కడ జవాబిచ్చిన రాయగడ అన్నయ్య చెప్పినట్టు యాంటీవైరస్ క్వారంటైన్‌లో (అనుమానం వచ్చిన ఫైళ్లను వేరుగా పెట్టే చోట) చూస్తే అక్కడే ఉంది! అయినా రిస్టోర్ నొక్కలేదు. కంపెనీ ఇచ్చిన అసలు ఇన్‌స్టాలర్‌ను స్కాన్ చేసి, దానితోనే మళ్లీ ఇన్‌స్టాల్ చేశాం. ఫైల్ ప్రోగ్రామ్ ఫోల్డర్‌లోకే వచ్చింది, విండోస్ సొంత ఫైళ్లుండే సిస్టమ్32 ఫోల్డర్ జోలికి వెళ్లే పనే పడలేదు.

డీఎల్‌ఎల్ ఒక్కటే ఉచితంగా ఇచ్చే సైట్లకు మాత్రం దయచేసి వెళ్లకండి. పాస్‌వర్డ్‌లు, ఎన్‌క్రిప్షన్ కీలు ఈ లైబ్రరీ గుండానే పోతాయి. ఎవరో మార్చిన ఫైల్ పెట్టుకోవడమంటే దొంగ చేతికి తాళాలివ్వడమే.

ఇంకో సంగతి. ఈ పేరుతో ఫైల్ ఉందంటే అది ఓపెన్‌ఎస్‌ఎస్‌ఎల్ 1.0.2 గానీ, అంతకన్నా పాతది గానీ. 2016లో వచ్చిన 1.1.0 నుంచి దాని పేరు లిబ్‌క్రిప్టో అయింది. 1.0.2కి ఉచిత భద్రతా సవరణలు 2019తోనే ఆగిపోయాయి. అందుకే కొత్త వెర్షన్ ఇమ్మని కంపెనీకి రాశాం. అది వచ్చేదాకా ఆ కంప్యూటర్‌కి నెట్ తీసేసి, బిల్లుల బ్యాకప్ పెన్‌డ్రైవ్‌లో పెట్టాం.