నీళ్లన్నీ మార్చినా వారానికే ట్యాంకు పచ్చబడుతోంది, మైలుతుత్తం వెయ్యొచ్చా?

పటమట:
రెండడుగుల ట్యాంకు, సుమారు 60 లీటర్లు. నాలుగు గోల్డ్‌ఫిష్‌లు, స్పాంజ్ ఫిల్టర్. హాల్లో పడమటి కిటికీ పక్కన ఉంది. లైటు పొద్దున్నుంచి రాత్రి పడుకునేదాకా వెలుగుతుంది. నీళ్లు ఎంత పచ్చబడ్డాయంటే వెనకున్న చేప కనపడదు. అద్దం మీద కూడా గట్టి పచ్చ చుక్కలు. వాడేది బోరు నీళ్లు. రాళ్లూ ఫిల్టరూ శుభ్రంగా కడిగి కొత్త నీళ్లు పోసినా వారం తిరక్కుండా మళ్లీ అంతే. పాచి చావడానికి చెరువుల్లో వేసినట్టు కాస్త మైలుతుత్తం (కాపర్ సల్ఫేట్) వెయ్యమని ఒకరు, సక్కర్ ఫిష్ వదలమని ఇంకొకరు అంటున్నారు. ఏం చెయ్యమంటారు?

బ్రాడీపేట:
మైలుతుత్తం జోలికి అస్సలు వెళ్లకండి. చెరువుల్లో వేసేవాళ్లు ముందు నీటి ఆల్కలినిటీ, అంటే క్షార గుణం, లీటరుకు మిల్లీగ్రాముల్లో చూస్తారు. దాన్ని 100తో భాగిస్తే లీటరుకు ఎన్ని మిల్లీగ్రాముల మైలుతుత్తం వెయ్యాలో తెలుస్తుంది. ఆల్కలినిటీ 150 అనుకుంటే మీ ట్యాంకు మొత్తానికి 90 మిల్లీగ్రాములే. అంత సన్నంగా తూచే త్రాసు ఇళ్లల్లో ఉండదు. చిటికెడు వేశారంటే దానికి కొన్ని రెట్లు పడుతుంది, మొప్పలు దెబ్బతిని చేపలు పోతాయి. మోతాదు కుదిరినా పాచంతా ఒక్కసారే చచ్చి కుళ్లి, నీళ్లలో ఆక్సిజన్ పడిపోతుంది.

సక్కర్ ఫిష్ అద్దానికి అంటిన పాచిని గీకుతుందే తప్ప నీళ్లలో తేలేదాన్ని తినలేదు. షాపులో రెండంగుళాలున్నది అడుగు దాటి పెరుగుతుంది, గోల్డ్‌ఫిష్ ఒంటికి అతుక్కుని పుండ్లు చేస్తుంది. పెరిగాక తీసుకెళ్లి బందరు కాలువలో వదిలే పని అసలే వద్దు. మన చేపల చెరువులకు అది ఇప్పటికే పెద్ద బెడద.

సత్యనారాయణపురం:
పటమట గారూ, నీళ్లను పచ్చబరిచేది విడిగా కంటికి కనపడనంత చిన్న పాచి, స్పాంజ్‌లోంచి జారిపోతుంది. తడి రాళ్ల మీద మిగిలిన కాస్తా చాలు దానికి. వెలుతురూ చేపల వ్యర్థాలూ అందుతుంటే రోజుల్లోనే మళ్లీ కమ్మేస్తుంది. పైగా ఫిల్టర్ని అరగదీసి కడిగితే అందులోని మంచి బ్యాక్టీరియా పోయి, చేపలకు విషమైన అమ్మోనియా పెరుగుతుంది. స్పాంజ్‌ని ట్యాంకులోంచి తీసిన నీళ్లలోనే రెండుసార్లు పిండి పెట్టెయ్యండి, చాలు.

ఇప్పుడు సగం నీళ్లు మార్చి, లైటు ఆపేసి, ట్యాంకు నాలుగు వైపులా మందపాటి దుప్పటి కప్పండి. పైన గాలాడే సందు ఉండాలి గానీ ఎండ పడకూడదు. నాలుగు రోజులు అలాగే ఉంచండి, మేత వద్దు, గోల్డ్‌ఫిష్‌కి ఏమీ కాదు. ఎయిర్ పంపు మాత్రం రాత్రీపగలూ తిరగాలి. కరెంటు పోతే ఇన్వర్టర్ మీద నడిచేలా చూసుకోండి. మన ఎండలకి వేడెక్కిన నీళ్లలో ఆక్సిజన్ అసలే తక్కువ. ఐదో రోజు దుప్పటి తీసి, అడుగున పేరుకున్నదంతా గొట్టంతో లాగేస్తూ మళ్లీ సగం నీళ్లు మార్చండి. ఈ మార్పు వాయిదా వేస్తే చచ్చిన పాచే ఎరువవుతుంది.

తర్వాత టైమర్ పెట్టి లైటు రోజుకి ఆరు గంటలే. కిటికీ దగ్గర్నుంచి ట్యాంకు జరపాల్సిందే. మేత రోజుకొకసారి, రెండు నిమిషాల్లో తినేసేంత. వారానికి పాతిక శాతం నీళ్లు మార్చండి. నిజానికి 60 లీటర్లకి నాలుగు గోల్డ్‌ఫిష్‌లు చాలా ఎక్కువ. పెద్ద ట్యాంకైనా కొనండి, లేదా రెండు చేపల్ని ఎవరికైనా ఇచ్చెయ్యండి.

పటమట:
మరి బోరు నీళ్లే పొయ్యొచ్చా?

బ్రాడీపేట:
ముందు బోరు నీటిలో నైట్రేట్ చూడండి, ట్యాంకు నీటిలో కాదు. పంపులోంచి వచ్చేదే లీటరుకు 40 మిల్లీగ్రాములు దాటితే ఎన్నిసార్లు మార్చినా పాచికి ఎరువు పోస్తున్నట్టే. అప్పుడు మున్సిపాలిటీ నీళ్లు మేలు. కాకపోతే క్లోరిన్ తీసెయ్యాలి. బకెట్లో ఎయిర్ స్టోన్ (ఎయిర్ పంపు గాలిని బుడగలుగా వదిలే రాయి) వేసి ఒక రోజంతా ఉంచండి, లేదా హైపో (క్లోరిన్‌ని విరిచే సోడియం థయోసల్ఫేట్) కలపండి. క్లోరిన్ ఎంతుంటే దానికి సుమారు ఏడు రెట్ల బరువు హైపో కావాలి.

సత్యనారాయణపురం:
అద్దం మీది చుక్కలు చీకటికి పోవు. నీటి మట్టం తగ్గించినప్పుడు పాత ఏటీఎం కార్డు అంచుతో పైనుంచి కిందికి గీకండి. మొండిగా ఉంటే బ్లేడ్ వాడొచ్చు, అదీ గాజు ట్యాంకైతేనే. మూలల్లో సిలికాన్‌కి మాత్రం తగలనివ్వకండి, తెగితే ట్యాంకు కారుతుంది.