అప్‌డేట్: నైట్రస్ ఆక్సైడ్ కారులోనూ రాకెట్‌లోనూ ఒకటేనా?

కార్లలో వాడే నైట్రస్ ఆక్సైడ్ మా కాలేజీ హైబ్రిడ్ రాకెట్‌కి (ఇంధనం ఘనం, ఆక్సిజన్ ఇచ్చేది ద్రవం) ఆక్సిడైజర్‌గా, అంటే ఇంధనం మండటానికి ఆక్సిజన్ ఇచ్చే పదార్థంగా, పనికొస్తుందా అని ఇంతకుముందు ఒక పోస్టులో అడిగాను. జవాబిచ్చిన అందరికీ థాంక్స్. ఆ తర్వాత చాలా చదివాను, మా సర్‌తోనూ మాట్లాడాను.

పదార్థం ఒకటే, పని కాస్త వేరు. కారులో అది గాలికి తోడు. దాని బరువులో 36 శాతం ఆక్సిజన్, గాలిలో 23 శాతమే. పైగా ఆవిరవుతూ లోపలికి వెళ్లే గాలిని చల్లబరిచి చిక్కబరుస్తుంది. దానికి తగ్గట్టు పెట్రోల్ పెంచకపోతే పిస్టన్లు కరిగే ప్రమాదం ఉంది. రాకెట్‌లో గాలి ఉండదు కాబట్టి ఆక్సిజన్ అంతా దీన్నుంచే రావాలి. 2004లో స్పేస్‌షిప్‌వన్ అనే ప్రైవేటు రాకెట్ విమానం రబ్బరు ఇంధనాన్ని దీంతోనే మండించి 100 కిలోమీటర్ల ఎత్తు దాటింది. ఎంత అద్భుతం!

నాకు టెన్షన్ పెట్టింది వేడి. 20 డిగ్రీల దగ్గరే ట్యాంకులో ఒత్తిడి సుమారు 50 బార్, అంటే మామూలు గాలి ఒత్తిడికి దాదాపు 50 రెట్లు. ఆ ఒత్తిడే దాన్ని ఇంజిన్‌లోకి నెడుతుంది, పంపు అక్కర్లేకపోవడం దాని వల్లే. కానీ 36.4 డిగ్రీలు దాటితే అది ద్రవంగా ఉండదు, మన మే నెల ఎండలేమో 40 దాటతాయి. 2007లో అమెరికాలోని మొహావీలో మంట పెట్టకుండా నైట్రస్ ఆక్సైడ్‌ని పారించి చూసిన ఫ్లో పరీక్షలోనే పేలుడు జరిగి ముగ్గురు చనిపోయారు.

అందుకే ఈ ఏడాది ఇంజెక్టర్ (ఆక్సిడైజర్‌ని ఇంజిన్‌లోకి చిమ్మే భాగం) డిజైన్, నీళ్లతో ఫ్లో పరీక్ష వరకే చేస్తున్నాం. అసలు ట్యాంకు నింపడం అనుభవమున్న ల్యాబ్ దొరికాకే.