గేమ్ కంట్రోలర్‌లో వేలు పెట్టకపోయినా ఎడమ స్టిక్ పైకి లాగేస్తోంది, క్లీన్ చేస్తే పోతుందా లేక స్టిక్ మార్చాల్సిందేనా?

భీమవరం_బుల్లోడు:

అందరికీ నమస్కారమండి. కంట్రోలర్ రిపేర్ల గురించి తెలిసినవాళ్ళు కాస్త చెప్పండి ప్లీజ్. నా కంట్రోలర్‌లో ఎడమ స్టిక్ ముట్టుకోకపోయినా ఆటలో మనవాడు మెల్లగా ముందుకి నడుచుకుంటూ పోతున్నాడు. మొన్నటిదాకా ఫుట్‌బాల్, కార్ల గేమ్ ఆడేవాడిని, వాటిలో ఎప్పుడూ తేడా తెలియలేదు, ఈమధ్య ఒక షూటింగ్ గేమ్ పెట్టాక మొదలైంది ఈ గోల, గోడ చాటున దాక్కుని కూర్చున్నవాడు కాస్తా దానంతటదే బయటికొచ్చి కాల్పుల్లో పడిపోతున్నాడు. పీసీకే వాడతాను, ఎక్కువగా బ్లూటూత్ మీద. ఆ కార్ల గేమ్ ఇప్పటికీ బాగానే ఆడుతోంది, అదే నాకు అస్సలు అర్థం కావట్లేదు, స్టిక్ పోతే అన్నిట్లోనూ పోవాలి కదా.

వారంటీ అయిపోయింది. కంపెనీ ఏదని అడక్కండి, నా ఫ్రెండ్స్ దగ్గర వేరేవేరే కంపెనీలవి ఉన్నాయి, వాళ్ళకీ ఇదే వచ్చిందంట. ఇక్కడ సెల్‌ఫోన్ రిపేర్ షాపులో చూపిస్తే ఇవి బాగవ్వవండి కొత్తది కొనేసుకోండి అన్నారు. మా బావ కొబ్బరినూనె చుక్క వెయ్యరా అంటున్నాడు, వీడియోల్లో ఒకరు గట్టిగా గాలి కొట్టమంటారు ఇంకొకరు స్పిరిట్ పొయ్యమంటారు. కొత్తది కొనడానికి ఇంట్లో ఇప్పుడు డబ్బులు అడగలేను. అసలు లోపల ఏం పోయిందో విప్పకుండా తెలుసుకునే దారి ఉందా?

వరంగల్_పోరడు:

తమ్మీ ముందుగాల ఏం పొయ్యకు, ఏం విప్పకు. బ్లూటూత్ బంద్ చేసి కేబుల్ పెట్టి చూడు. ఎందుకు చెప్తున్ననంటే సిగ్నల్ మధ్యల తెగితే కొన్నిసార్లు పీసీ ఆఖరుకు అందిన నంబర్‌నే పట్టుకుని కూసుంటది, నువ్వు వేలు తీసినా సరే మనోడు నడుస్తనే ఉంటడు, అది స్టిక్ తప్పు కాదు. బ్లూటూత్ నడిచేది 2.4 గిగాహెర్ట్జ్ మీద, యూఎస్‌బీ 3 పోర్టుల నుంచి వచ్చే నాయిస్ గూడ ఆ బ్యాండ్లనే పడ్తది, అందుకని హార్డ్ డిస్క్ పక్కపోర్టుల బ్లూటూత్ డాంగిల్ (పీసీకి బ్లూటూత్ ఇచ్చే చిన్న ముక్క) గుచ్చితే ఈ తిప్పలు ఎక్కువైతయ్. చిన్న ఎక్స్‌టెన్షన్ వైర్ పెట్టి డాంగిల్‌ని దూరం జరిపితే సరిపోతది. ఇంకో మాట, కేబుల్ అంటే డేటా పోయే కేబుల్ ఉండాలె, కొన్ని చార్జింగ్‌కు తప్ప దేనికీ పనికిరావు, అది పెడితే పీసీ కంట్రోలర్‌నే గుర్తుపట్టది.

కేబుల్ మీద గూడ అట్లనే నడుస్తుంటే అప్పుడు స్టిక్ మీద అనుమానం పెట్టుకో. గేమ్‌ప్యాడ్ టెస్టర్ అని బ్రౌజర్‌ల కొడితే వచ్చే పేజీలు ఉంటయ్, వాటిల స్టిక్ నంబర్లు నేరుగ కనిపిస్తయ్. ఆ నంబర్లు ఇక్కడ పెట్టు, మిగిలింది టంకం మాస్టారు చెప్తడు.

టంకం_మాస్టారు:

కార్ల గేమ్‌లో ఎందుకు తెలియట్లేదో ముందు చెప్తాను బాబూ, అది తెలిస్తే మిగతాదంతా సులువు. ఏ స్టిక్ అయినా, కొత్తదైనా సరే, వదిలేశాక కచ్చితంగా సున్నా దగ్గర నిలబడదు, అటోఇటో కొంచెం ఉంటుంది. అందుకని గేమ్ రాసేవాళ్ళు మధ్యలో కొంత మేర స్టిక్ ఎంత కదిలినా లెక్కలోకి తీసుకోరు, దాన్నే డెడ్‌జోన్ అంటారు. విండోస్‌లో కంట్రోలర్ కదలికల్ని గేమ్‌కి అందించే ఎక్స్‌ఇన్‌పుట్ అనే పద్ధతి ఉంది, అందులో ఎడమ స్టిక్‌కి మైక్రోసాఫ్ట్ ఇచ్చిన డెడ్‌జోన్ అంకె 7849, స్టిక్ పూర్తిగా తోస్తే వచ్చేది 32767, అంటే దాదాపు నాలుగో వంతు కదలిక మొత్తం పక్కన పడేస్తారన్నమాట. కుడి స్టిక్‌కి ఇంకా ఎక్కువ, 8689. ఆ అంకె అలాగే వాడిన గేమ్‌లో నీ స్టిక్ 15 శాతం పక్కకి పోయినా నీకు తెలియనే తెలియదు. షూటింగ్ గేమ్‌ల్లో గురి సున్నితంగా ఉండాలని డెడ్‌జోన్ బాగా తగ్గించి పెడతారు, అక్కడ 5 శాతం తేడా ఉన్నా మనిషి నడిచేస్తాడు. పైగా కార్ల గేమ్‌లో నువ్వు స్టీరింగ్‌కి వాడేది స్టిక్‌లో కుడిఎడమల కదలిక ఒక్కటే, పైకీ కిందకీ జరిగేది ఆ గేమ్ అసలు చూడనే చూడదు. కాబట్టి స్టిక్ అరుగుదల నీ షూటింగ్ గేమ్‌తో మొదలైంది కాదు, అప్పటికే ఉన్నది ఇప్పుడు బయటపడింది.

విప్పకుండా తెలుసుకునే దారి ఉంది, అందరూ ఇదొక్కటి చేసి ఆ తర్వాత ఖర్చు పెట్టుకుంటే ఎంత బావుండునో అని నాకు ఎప్పుడూ అనిపిస్తుంది. వరంగల్ తమ్ముడు చెప్పిన టెస్టర్ పేజీ తెరిచి, కేబుల్ మీదే పెట్టి, స్టిక్‌ని పూర్తిగా పైకి తోసి వేలు తీసెయ్, నంబర్ ఎక్కడ ఆగిందో రాసుకో. తర్వాత కిందకి లాగి వదిలెయ్, కుడికి, ఎడమకి కూడా అంతే. ఎటునుంచి వదిలినా ఒకే నంబర్ దగ్గర కదలకుండా ఆగితే మధ్య బిందువు జరిగిందంతే, కాలిబ్రేషన్‌తో, అంటే మధ్య ఎక్కడో కంట్రోలర్‌కి మళ్ళీ నేర్పిస్తే, సరిపోతుంది. ఎటు తోసి వదిలితే అటే కాస్త ఉండిపోతుంటే లోపల స్ప్రింగు గానీ దాంతో తిరిగే చిన్న చక్రం గానీ వదులైనట్టు. అలా కాకుండా వేలు తీసేశాక నంబర్ నిలకడ లేకుండా వణుకుతుంటే, లేదా బాగా నెమ్మదిగా తోస్తున్నప్పుడు ఒకచోట టక్కున గెంతితే, అది లోపల స్టిక్ కదలికని కొలిచే పట్టీ మీద మురికో అరుగుదలో. ఆఖరుది మాత్రం చూపుడు వేలితో నెమ్మదిగా జరుపుతూ చూడాలి, గబగబా తిప్పితే దొరకదు.

నూనె సంగతి మాత్రం మర్చిపో, బావగారు మంచిమనసుతోనే చెప్పుంటారు కానీ నూనె పడిందంటే దుమ్మంతా అక్కడికే చేరి గట్టిపడిపోతుంది.

భీమవరం_బుల్లోడు:

మాస్టారూ చాలా థాంక్సండి, కార్ల గేమ్ సంగతి ఇన్నాళ్ళకి అర్థమైంది. కేబుల్ మీద పెట్టి చూశాను, అప్పుడూ నడుస్తున్నాడు, కాబట్టి బ్లూటూత్ కాదు. నంబర్లు ఇవిగోండి: కుడికి తోసి వదిలినా ఎడమకి తోసి వదిలినా ఆ గీతలో 0.03 దగ్గరే ఆగుతోంది, కదలట్లేదు. పైకి తోసి వదిలితే మైనస్ 0.19 దగ్గర ఆగుతోంది, కిందకి లాగి వదిలితే మైనస్ 0.04. పైకి వదిలినప్పుడు మాత్రం ఆ 0.19 కూడా ఊరికే ఉండట్లేదు, 0.16కీ 0.22కీ మధ్య వణుకుతోంది. నెమ్మదిగా తోస్తే మధ్య దాటగానే ఒకచోట గెంతుతోంది, మళ్ళీ వెనక్కి తెచ్చినప్పుడు కూడా సరిగ్గా అక్కడే.

మైనస్ ఎందుకు వస్తోందో తెలియలేదు, పైకి కదా తోశాను.

టంకం_మాస్టారు:

ఆ పేజీల్లో పైకి అంటే మైనస్‌గానే చూపిస్తాయి, దానికి కంగారు పడకు. నువ్వు చాలా బాగా చూశావు, ఈ నంబర్లు చాలు.

స్టిక్ కింద రెండు పొటెన్షియోమీటర్లు ఉంటాయి, కుడిఎడమలకి ఒకటి, పైకీ కిందకీ ఒకటి, పాత రేడియోలో వాల్యూమ్ నాబ్ కింద ఉండేదానికి చిన్న తమ్ముళ్ళనుకో. నల్లటి కార్బన్ పట్టీ మీద సన్నటి మెటల్ రేకు రాసుకుంటూ పోతుంది, అది పట్టీ మీద ఎక్కడుందో దాన్నిబట్టి వోల్టేజ్ మారుతుంది, కంట్రోలర్ ఆ వోల్టేజ్‌ని నంబర్‌గా పంపుతుంది. రాసుకున్నప్పుడల్లా కార్బన్ కొంచెం కొంచెం అరుగుతుంది, ఆ అరిగిన పొడి అక్కడే పడి ఉంటుంది. నీ కుడిఎడమల పొటెన్షియోమీటర్ బాగుంది, 0.03 అంటే ఆరోగ్యంగా ఉన్నట్టే. పైకీ కిందకీ ఉన్నదే పోయింది, అదీ మధ్యకి కాస్త పైన ఒకచోట. అక్కడే ఎందుకంటే ఏ గేమ్‌లోనైనా మనిషిని ముందుకి నడిపించడమే ఎక్కువ కదా, స్టిక్ రోజంతా మధ్యనుంచి పైకి, పైనుంచి మధ్యకి తిరుగుతూ ఉంటుంది. పాడైన ఎడమ స్టిక్‌లు నా దగ్గరికి వచ్చినవాటిలో ఎక్కువ పైకే లాగుతాయి.

ఇప్పుడు నీ ముందు రెండు మాటలు. క్లీనింగ్ ఒకసారి చేసి చూడు, పొడి వల్లయితే పోతుంది, పట్టీయే అరిగిపోతే కొద్ది రోజులు బాగుండి మళ్ళీ వస్తుంది. క్లీనింగ్‌కి 99 శాతం ఐసోప్రొపైల్ ఆల్కహాల్ మాత్రమే వాడు, మొబైల్ రిపేర్ సామాన్లు అమ్మే చోట దొరుకుతుంది. 70 శాతం వద్దు, మిగతాది నీళ్ళు కదా, ఆరడానికి టైమ్ పట్టి లోపల తుప్పు పట్టిస్తుంది. చేతులకి రాసుకునే శానిటైజర్ అసలే వద్దు, అందులో గ్లిసరిన్ ఉంటుంది, జిగురుగా మిగిలిపోతుంది. కంట్రోలర్ ఆఫ్ చేసి కేబుల్ తీసేసి, స్టిక్‌ని ఒకపక్కకి వంచి ఆ సందులో రెండు మూడు చుక్కలు వేసి, అన్నివైపులా గుండ్రంగా కాసేపు తిప్పి, బాగా ఆరనిచ్చాక ఆన్ చెయ్. గాలి కొట్టడం పైపైన ఉన్న దుమ్ముకి పనికొస్తుంది గానీ పొడి ఉన్న చోటికి ఆ గాలి సరిగా వెళ్ళదు.

తర్వాత మళ్ళీ అదే టెస్ట్ చెయ్. వణుకు పోయి గెంతడం మాత్రం అక్కడే ఉంటే ఇక పట్టీ అరిగిందని ఖాయం చేసుకో. ఈలోగా ఆడుకోవాలంటే స్టీమ్ అనే పీసీ గేమ్‌ల యాప్‌లో కంట్రోలర్ సెట్టింగ్స్‌లోకి వెళ్ళి ఎడమ స్టిక్ డెడ్‌జోన్ పెంచుకో, వణుకు 0.22 దాకా పోతోంది (పూర్తిగా తోస్తే 1 అన్న లెక్కలో) కాబట్టి పావు వంతు పెడితే మనవాడు గోడ చాటునే ఉంటాడు, కాకపోతే మెల్లగా అడుగులు వెయ్యడం కష్టమవుతుంది.

సాగరతీరం:

విశాఖ నుంచి రాస్తున్నాను, నేనూ మా తమ్ముడూ కంట్రోలర్లు ఇంట్లోనే బాగుచేసుకుంటాం. మాస్టారు చెప్పినదానికి ఒక మాట కలుపుతాను, స్టిక్ మార్చే దాకా వస్తే మళ్ళీ అదే రకం వెయ్యకండి. హాల్ ఎఫెక్ట్ మాడ్యూల్ అని దొరుకుతాయి, వాటిలో స్టిక్‌కి చిన్న అయస్కాంతం ఉంటుంది, ఎదురుగా సెన్సర్ ఉంటుంది, రెండూ తగలవు, కాబట్టి అరగడానికి పట్టీయే లేదు. ఇదేదో కొత్త కనిపెట్టుడు అనుకుంటారు చాలామంది, కానీ సెగా అనే గేమ్ కంపెనీ వాళ్ళు 1998లో డ్రీమ్‌కాస్ట్ కన్సోల్ కంట్రోలర్‌లోనే అయస్కాంతం స్టిక్ పెట్టారు, అంతకుముందు 1996లో వాళ్ళ పాత కన్సోల్ శాటర్న్‌కి ఇచ్చిన త్రీడీ ప్యాడ్‌లో కూడా ఉంది. ఆ తర్వాత దాదాపు అందరూ చవకైన కార్బన్ దానికే పోయారు, నాకు ఇది తలుచుకుంటే నిజంగా బాధేస్తుంది, పిల్లలు దాచుకున్న డబ్బుతో కొనుక్కునే వస్తువు కదా. ఇప్పుడు టీఎంఆర్ అని ఇంకో రకం కూడా వచ్చింది, అదీ అయస్కాంతమే, కరెంట్ తక్కువ తింటుంది కాబట్టి వైర్‌లెస్‌కి అది మంచిది.

రెండు జాగ్రత్తలు చెప్తాను. మీ మోడల్‌కి సరిపడేదే తీసుకోండి, లోపల వోల్టేజ్ అన్ని కంట్రోలర్లకీ ఒకటి కాదు. ఇంకోటి, వేశాక కాలిబ్రేషన్ తప్పనిసరి, అయస్కాంతం మధ్య బిందువు పాతదాని మధ్యతో కలవదు. ప్లేస్టేషన్ కంట్రోలర్లయిన డ్యూయల్‌షాక్ 4, డ్యూయల్‌సెన్స్‌లకి బ్రౌజర్‌లోనే నడిచే కాలిబ్రేషన్ టూల్ ఉంది, మిగతావాటికి మోడల్‌ని బట్టి చూసుకోవాలి. మూత బిగించకముందే కేబుల్ పెట్టి సరిచూసుకోండి, బిగించాక చూస్తే మళ్ళీ అంతా విప్పాలి. స్ప్రింగు మాత్రం ఇందులోనూ ఉంటుంది, అది వదులైతే ఏ అయస్కాంతమూ ఏం చెయ్యలేదు.

వరంగల్_పోరడు:

హైదరాబాద్ దిక్కు ఎవరన్నా వచ్చేటోళ్ళుంటే కోఠిల గుజరాతీ గల్లీకి పంపియ్, ఎలక్ట్రానిక్ పార్టుల దుకాణాలన్నీ అక్కడనే ఉంటయ్, సోల్డరింగ్ ఐరన్, సోల్డర్, కరిగిన సోల్డర్ పీల్చే సక్కర్ పంపు అన్నీ దొరుకుతయ్. హాల్ మాడ్యూల్ మాత్రం ఆన్‌లైన్ల తెప్పించుకునుడే నయం, మోడల్ నంబర్ చూసి ఆర్డర్ పెట్టొచ్చు.

భీమవరం_బుల్లోడు:

మాస్టారు చెప్పినట్టే క్లీన్ చేశానండి. వణుకు చాలా తగ్గింది, గెంతడం మాత్రం అలాగే ఉంది, అదే చోట. పైకి వదిలితే ఇప్పుడు మైనస్ 0.11. అంటే పట్టీ పోయినట్టే కదా. సాగరతీరం గారు చెప్పిన రకం ఆర్డర్ పెడతాను. కానీ సోల్డరింగ్ నాకు రాదు, ఆ సెల్‌ఫోన్ షాపాయన ముట్టుకోనన్నారు, ఇంకెవరి దగ్గరికి వెళ్ళాలి?

టంకం_మాస్టారు:

సెల్‌ఫోన్ షాపు దగ్గరికి మళ్ళీ వెళ్ళకు, వాళ్ళని తప్పు పట్టట్లేదు, వాళ్ళు చేసేది బోర్డు పైన అతికే చిన్న పార్టుల పని. నీ స్టిక్ కాళ్ళు బోర్డులోంచి అవతలికి దిగి ఉంటాయి. ఆ రకం పని రోజూ చేసేది టీవీలు, యాంప్లిఫయర్లు, ఇన్వర్టర్లు బాగుచేసే మెకానిక్‌లు. మీ ఊళ్ళో పాత టీవీ మెకానిక్ ఎవరైనా ఉంటే మాడ్యూల్ చేతిలో పట్టుకుని వెళ్ళు, ఇదిగోండి ఇది తీసి ఇది వెయ్యాలి అని చూపించు, కంట్రోలర్ అనగానే భయపడినా బోర్డు చూశాక ఒప్పుకుంటారు. నువ్వే విప్పి తీసుకెళ్తే ఇంకా మంచిది, బ్యాటరీ కనెక్టర్ ముందు తీసెయ్, రిబ్బన్ కేబుళ్ళు లాగకుండా నెమ్మదిగా వదిలించు, ఏ స్క్రూ ఎక్కడిదో ఫోన్‌లో ఫోటో తీసుకో.

ఆయనకి ఈ మూడు సంగతులు చెప్పు. కాళ్ళు మొత్తం 14 ఉంటాయి, పొటెన్షియోమీటర్లకి మూడేసి, నొక్కే స్విచ్‌కి 4, చట్రానికి 4. పాత స్టిక్ దాచుకునే పనేం లేదు కాబట్టి దాన్ని నిప్పర్‌తో ముక్కలుగా కోసేసి కాళ్ళు ఒక్కొక్కటిగా తీస్తే బోర్డు మీద ట్రాక్ (కరెంట్ పోయే రాగి గీత) లేచిపోదు, అన్నీ ఒకేసారి వేడి చేసి గుంజితేనే లేస్తుంది. కంపెనీ వేసిన సోల్డర్‌లో సీసం ఉండదు, 217 డిగ్రీల దగ్గరగానీ కరగదు, దాని మీద మామూలు సీసం సోల్డర్ కొంచెం కలిపితే తొందరగా లొంగుతుంది. చట్రం కాళ్ళు గ్రౌండ్‌కి కలిసి ఉంటాయి, వేడంతా బోర్డు లాగేసుకుంటుంది, వాటి దగ్గర కాస్త పెద్ద మొన ఉన్న ఐరన్ పెట్టమను.

కొత్త మాడ్యూల్ బోర్డుకి పూర్తిగా ఆని ఉందో లేదో ముందు రెండు కాళ్ళే అతికించి పక్కనుంచి చూడమను, వంకరగా కూర్చుంటే పైన టోపీ మూతకి తగులుతుంది, స్టిక్ మధ్యకి రాదు. అంతా అయ్యాక నంబర్లు ఇక్కడ పెట్టు, కాలిబ్రేషన్ ఎలా చెయ్యాలో నీ మోడల్ చూసి చెప్తాను.