భ్రమర కీటక న్యాయం: ఇంతకీ భ్రాంతి ఎవరిది?

ప్రశ్న: పోతన భాగవతం సప్తమ స్కంధంలో, శిశుపాలుడి సంగతి వచ్చినప్పుడు నారదుడు ధర్మరాజుతో అనే పద్యం:

కీటకముఁ దెచ్చి భ్రమరము
పాటవమున బంభ్రమింప భ్రాంతంబై త
త్కీటకము భ్రమరరూపముఁ
బాటించి వహించుఁ గాదె భయయోగమునన్.

అంటే, భ్రమరం పురుగుని తెచ్చి చుట్టూ తిరుగుతుంటే, ఆ పురుగు భయంతో భ్రమించి భ్రమరం రూపమే పొందుతుందని. ఇక్కడ భ్రమరం తుమ్మెదేనా? తుమ్మెద పురుగుని ఎత్తుకుపోవడం నేనెక్కడా చూడలేదు.

జవాబు: తుమ్మెద కాదండీ, దాని పిల్లలు తినేది పుప్పొడి. సంస్కృత మూలంలో ఉన్న మాట ‘పేశస్కృత్’, అంటే రూపం దిద్దేది. ఈ వర్ణన సరిపోయేది మట్టిగూడు కట్టే కందిరీగకి. అది ఆకుపురుగుని కుట్టి, చంపకుండా చచ్చుబడేలా చేసి, గూట్లో పెడుతుంది. అందులోనే గుడ్డు పెట్టి మూసేస్తుంది. పుట్టిన పిల్ల ఆ పురుగుని తిని పెరుగుతుంది. బయటివాళ్ళు చూసేది పురుగు లోపలికి పోవడం, కొన్నాళ్ళకి కందిరీగ బయటికి రావడం. అంతే! ఫ్రాన్సులో పురుగుల శాస్త్రవేత్త ఫాబ్ర్ ఇలాంటి గూటికి చిన్న కిటికీ చేసి చూస్తే, గుడ్డు పైకప్పు నుంచి సన్నని దారంతో వేలాడుతూ కనిపించింది.

మరో జవాబు: ‘భ్రాంతంబై’ పురుగుకి చెప్పిన మాటే కానీ, నన్నడిగితే చూసేవాళ్ళకీ వర్తిస్తుంది. సినిమా కెమెరా వచ్చాకా ఆ భ్రాంతి పోలేదు. 1910లో కోవ్నోలో (ఇప్పటి లిథువేనియాలోని కౌనాస్) స్టారెవిచ్ అనే సినిమా దర్శకుడు కొమ్ముపురుగుల కొట్లాట తీయబోయాడు. అవి రాత్రి తిరిగేవి, దీపాలు వేస్తే కదలడం మానేసేవి. దాంతో చచ్చిన పురుగుల కాళ్ళకి తీగలు అమర్చి, కొంచెం కొంచెం జరుపుతూ ఒక్కో ఫ్రేమూ తీశాడు. అతని సినిమాలు చూసి, బతికున్న పురుగులకే ట్రైనింగ్ ఇచ్చారని నమ్మినవాళ్ళున్నారు! అదే ఏడాది ఇంగ్లండులో పెర్సీ స్మిత్ సినిమాలో ఈగ వెల్లకిలా ఉండి కాళ్ళతో బంతి తిప్పుతుంది. చూస్తే కనికట్టులా ఉంటుంది గానీ అది నిజం ఈగే. కదలకుండా పట్టి ఉంచితే నడిచే అలవాటుకొద్దీ కాళ్ళాడిస్తుంది, బంతి తిరుగుతుంది.

ప్రశ్న అడిగినవారు: అయితే పద్యం తప్పంటారా మాస్టారూ?

జవాబు: పురుగుల శాస్త్రంగా అయితే తప్పే. కానీ నారదుడికి కావలసింది ‘భయయోగం’. పగతోనైనా సరే, విడవకుండా తలచినవాడు తలచిన రూపమే అవుతాడని చెప్పాలి. దానికి ఇంతకన్నా మంచి పోలిక నాకు తోచదు. అది సరేగానీ, మీ వైపు ఈ మట్టిగూటి కందిరీగకి వేరే పేరుందా? గ్రూపులో ఎవరికైనా తెలిస్తే జిల్లాతో సహా రాయండి.