తిమింగిలమా, తిమింగలమా?

"అందరూ తిమింగలం అనే రాస్తున్నారు కదా, మళ్ళీ ఈ 'గి' ఎందుకు?" అని నిన్న ఒకరు అడిగారు. వాడుకలో తిమింగలం స్థిరపడిపోయింది, దాన్ని తప్పనను. కానీ 'గి' పోతే మాటలో ఉన్న కథ కూడా పోతుంది. నా బాధ అదీ.

తిమి అంటే మహామత్స్యం. గిల అంటే మింగేది. తిమిని మింగేది తిమింగిలం. పాతవాళ్ళు అక్కడితో ఆగలేదు, దాన్ని మింగేదానికి తిమింగిలగిలం అని పేరు పెట్టారు. ఒక సంస్కృత చాటువు ఇంకో మెట్టు ఎక్కింది: "తిమింగిలగిలోఽప్యస్తి తద్గిలోఽప్యస్తి రాఘవః". ఇక్కడ రాఘవుడంటే రాముడు కాదు, వాటన్నిటినీ మింగే చేప.

వట్టి అతిశయోక్తి అని కొట్టిపారేయకండి. ఓడల్ని లోపలికి లాగేసే క్రాకెన్ అనే సముద్ర రాక్షసి కథలు నార్వే నావికులు చెప్పుకునేవారు. ఆ కథల వెనక ఉన్నది జెయింట్ స్క్విడ్ అనే, పొడుగాటి చేతులుండే సముద్ర జీవి కావచ్చు. 1857లో డెన్మార్క్ శాస్త్రవేత్త స్టీన్‌స్ట్రప్ దానికి ఆర్కిట్యూతిస్ అని శాస్త్రీయ నామం పెట్టాడు. చేతులతో కలిపి 12 మీటర్ల దాకా ఉంటుంది. అంతటి జీవికి ఉండే చిలక ముక్కులాంటి గట్టి ముక్కులు స్పెర్మ్ వేల్ అనే తిమింగిలం కడుపులో దొరుకుతాయి! పెనుగులాటలో స్క్విడ్ చేతుల మీది పీల్చే బిళ్ళలు వేసిన గుండ్రటి మచ్చలు ఆ వేల్ తలమీద కనిపిస్తాయి. రాక్షసిని మింగే జీవి నిజంగానే ఉందన్నమాట.

నన్ను ఇంకా కదిలించింది హాఫ్‌గూఫా అనే సముద్ర జీవి కథ. 13వ శతాబ్దపు నార్వే గ్రంథంలో ఉంది. నోట్లోంచి మేత కక్కి, నోరు తెరిచి కదలకుండా ఉంటుందట. చేపలు చేరగానే నోరు మూసేస్తుందట. కట్టుకథే అనుకున్నారు. 2011లో హంప్‌బ్యాక్ తిమింగిలాలు నీటిపైన నోరు తెరుచుకుని అలాగే కాపు కాయడం పరిశోధకులు చూశారు. ఈ రెంటినీ పోల్చిన వ్యాసం 2023లో వచ్చింది. అన్ని వందల ఏళ్ళ కిందటి మనుషులు ఎంత శ్రద్ధగా చూశారో!

సముద్ర సర్పాల కథల్లో కొన్నిటికి రిబ్బనులా పొడుగ్గా, ఎర్రటి జుట్టుతో ఉండే ఓర్‌ఫిష్ కారణమై ఉండొచ్చు.

ఒక్క చిక్కుంది. 30 మీటర్ల దాకా పెరిగే బ్లూ వేల్ తినేది క్రిల్ అనే వేలెడంత రొయ్యలాంటి జీవుల్ని. గొంతు సన్నం, పెద్ద చేప దిగదు. దాన్ని నీలి తిమింగిలం అనడం వ్యుత్పత్తికి కుదరదు. 'నీలితిమి' అంటే ఎలా ఉంటుంది?